జనం వైపు జరిగిన హద్దు: ఉత్పల్ దత్ నాటకం, సినిమా

'గోల్‌మాల్' చూసినవాళ్లెవరూ భవానీశంకర్‌ని మర్చిపోరు. మీసం లేని మగవాడిని నమ్మకూడదనే మనిషి ఆయన. ఉద్యోగం కోసం వచ్చిన కుర్రాడు పొట్టి కుర్తా వేసుకొస్తే, గుడ్డ ఆదా చేశాడని మురిసిపోతాడు. ఎదుటివాడి మాట నమ్మాలా వద్దా అని తేల్చుకోలేనప్పుడు ఆ కళ్లు పెద్దవవుతాయి, గొంతులోంచి ఓ వింత శబ్దం వస్తుంది. హిందీ అంతంతమాత్రంగా అర్థమయ్యే తెలుగు ఇళ్లలో కూడా ఆయన్ని టీవీలో చూసి కడుపుబ్బా నవ్వుకున్నారు. 1979లో వచ్చిన ఆ సినిమాకి ఉత్పల్ దత్ ఫిల్మ్‌ఫేర్ ఉత్తమ హాస్యనటుడి అవార్డు అందుకున్నారు.

దానికి పద్నాలుగేళ్ల ముందు, 1965లో, అదే మనిషి కలకత్తాలో జైల్లో ఉన్నారు. కోర్టులో విచారణ లేదు. నిర్బంధ చట్టం కింద పట్టుకెళ్లి నెలల తరబడి లోపల ఉంచారు. ఆయన లోపల ఉండగా బయట మినర్వా థియేటర్లో ఆయన రాసిన నాటకం ఆడుతూనే ఉంది. జనం వస్తూనే ఉన్నారు.

ఈ ఇద్దరు ఉత్పల్ దత్‌లని వేరువేరు మనుషులుగా చెప్పడం అలవాటైపోయింది. విప్లవ నాటకం కోసం బతికిన ఒకాయన, ఆ నాటకానికి డబ్బు కోసం హిందీ సినిమాల్లో నవ్వించిన ఇంకొకాయన. సినిమా డబ్బు నాటక సమాజానికి వెళ్లిన మాట నిజమే. కానీ అంతటితో వదిలేస్తే ఆయన పనిలో అసలైన విషయం చేజారిపోతుంది. 'హద్దులు చెరిపిన నాటకం' అనగానే చిన్న హాలు, వందమంది ప్రేక్షకులు, సగం అర్థమై సగం అర్థం కాని ప్రయోగం గుర్తొస్తాయి. ఉత్పల్ దత్ హద్దులు జరిపిన దిశ దీనికి పూర్తిగా ఎదురు. నలభై ఏళ్లలో ఆయన తీసుకున్న ప్రతి పెద్ద నిర్ణయమూ ఇంకా ఎక్కువమంది జనం ఉన్న చోటికి వెళ్లడమే. ఇంగ్లీషు నుంచి బెంగాలీకి, హాలు నుంచి వీధికి, ఔత్సాహిక బృందం నుంచి టికెట్ కొని చూసే థియేటర్‌కి, అక్కణ్నుంచి బెంగాలీ పల్లెటూరి నాటకమైన జాత్రాకి, మరోపక్క బొంబాయి సినిమాకి. ఒక్కో మెట్టు దిగినప్పుడల్లా ఎవరో ఒకరు ఆయన్ని తప్పుబట్టారు. ఒకసారి మేధావులు, ఒకసారి ప్రభుత్వం, ఒకసారి సొంత కామ్రేడ్లు.

మొదలు మాత్రం జనానికి చాలా దూరంగా జరిగింది. 1929లో పుట్టిన ఉత్పల్ దత్ కలకత్తా సెయింట్ జేవియర్స్ కాలేజీలో ఇంగ్లీషు సాహిత్యం చదివారు. విద్యార్థిగా ఉన్నప్పుడే స్నేహితులతో కలిసి షేక్‌స్పియర్ నాటకాలు వేసేవారు. అప్పట్లో ఇంగ్లండు నుంచి వచ్చి దేశమంతా తిరుగుతూ షేక్‌స్పియర్ ఆడే జెఫ్రీ కెండాల్ అనే నటుడు ఈ కుర్రాడి నటన చూసి తన బృందంలోకి తీసుకున్నారు. శశికపూర్ భార్య జెన్నిఫర్ తండ్రి ఈయనే. 1947 నుంచి ఒకసారి, 1953-54లో మరోసారి ఉత్పల్ దత్ ఆ బృందంతో ఊరూరా తిరిగారు. ఇవాళ ఒక నాటకం, రేపు ఇంకొకటి, ఎల్లుండి సామాన్లు సర్దుకుని రైలెక్కడం. పెట్టెలు మోయడం, తెరలు కట్టడం, మేకప్ వేసుకోవడం, జ్వరం వచ్చినా టైముకి వేదిక ఎక్కడం, ఇవన్నీ నటన ఎంత ముఖ్యమో అంతే ముఖ్యం. మన సురభి కుటుంబాల గురించి విన్నవాళ్లకి ఈ జీవితం కొత్తగా అనిపించదు. క్రమశిక్షణ లేని ఉద్వేగం నాటకానికి పనికిరాదని దత్ జీవితాంతం నమ్మారంటే, ఆ నమ్మకం ఈ తిరుగుళ్లలో ఏర్పడిందే.

1949 ప్రాంతంలో మొదలైన ఆయన బృందం లిటిల్ థియేటర్ గ్రూప్ తొలినాళ్లలో ఇంగ్లీషులోనే ఆడింది. షేక్‌స్పియర్, షా, ఇబ్సెన్. చూసేవాళ్లు కలకత్తాలో ఇంగ్లీషు చదువుకున్న కొన్ని వందలమంది. దేశం అప్పుడే రెండు ముక్కలైంది, సియాల్దా స్టేషన్ శరణార్థులతో నిండిపోయింది. ఆ ఊళ్లోనే వీళ్లు ఏసీ గాలి తగిలే ప్రేక్షకుల ముందు మాక్‌బెత్ పలుకుతున్నారు. ఈ పని ఎవరికోసం అన్న ప్రశ్న దత్‌ని కుదురుగా ఉండనివ్వలేదు. 1950ల మొదట్లో బృందాన్ని బెంగాలీకి మార్చేశారు. అదే రోజుల్లో కొన్ని నెలలు ఇప్టాలో, అంటే భారతీయ ప్రజా నాటక సంఘంలో పనిచేశారు. జైళ్లలో ఉన్న కమ్యూనిస్టుల విడుదల కోసం వీధుల్లో, పార్కుల్లో నాటకాలు వేశారు. అక్కడ తెర లేదు, లైటు లేదు. బస్సు హారన్ మోగుతుంటే దానికి మించి గొంతు వినిపించాలి, జనం పక్కకి తిరిగి వెళ్లిపోకుండా మొదటి నిమిషంలోనే పట్టుకోవాలి.

ఇప్టాలో ఆయన ఎక్కువకాలం ఇమడలేదు. కానీ రెండు విషయాలు నేర్చుకుని బయటికొచ్చారు. షేక్‌స్పియర్‌ని బెంగాలీలోకి మార్చి పల్లెల్లో ఆడితే జనం కదలకుండా చూస్తారన్నది మొదటిది. రక్తపాతం, దయ్యాలు, పద్యం, పెద్ద గొంతు, ఇవన్నీ వాళ్లకి జాత్రాలో అలవాటే. రెండోది, జనం కోసం చేసే నాటకం నాసిగా ఉండనక్కర్లేదన్నది. ఈ రెండో విషయం మీద ఆయన చాలా పట్టుదలగా ఉండేవారు. భావం మంచిదైతే నటన ఎలా ఉన్నా చెల్లిపోతుందనే సోమరితనం వామపక్ష నాటకంలో అన్ని భాషల్లోనూ ఉంది. దాన్ని ఆయన ఒప్పుకోలేదు.

1959లో లిటిల్ థియేటర్ గ్రూప్ చాలా పెద్ద సాహసం చేసింది. ఉత్తర కలకత్తా బీడన్ స్ట్రీట్‌లో 1893 నాటి మినర్వా థియేటర్‌ని లీజుకి తీసుకుంది. ఇది ఎంత పెద్ద అడుగో తెలియాలంటే మన పరిస్థితి గుర్తు చేసుకోవాలి. తెలుగులో ఆధునిక నాటకం చాలావరకు పరిషత్తు పోటీల మీద బతికింది. నెలలు రిహార్సల్ చేసి, పోటీలో ఒక్కసారి ఆడి, బహుమతి తీసుకుని ఇంటికెళ్తారు. జనం టికెట్ కొనుక్కుని ఏడాది పొడుగునా వచ్చే అలవాటు సురభి లాంటి సమాజాలకే మిగిలింది. బెంగాల్లో కూడా అప్పటి కొత్త నాటకం చేసే బృందాలు, శంభు మిత్ర నడిపిన బహురూపి సహా, హాలు అద్దెకి తీసుకుని అప్పుడప్పుడు ఆడేవి. దత్ బృందం మాత్రం సొంత గూడు పెట్టుకుంది. వారం వారం క్రమం తప్పకుండా ప్రదర్శన ఉండాలి. జీతాలివ్వాలి, కరెంటు బిల్లు కట్టాలి, హాలు నిండాలి. హాలు నిండకపోతే విప్లవమూ లేదు, నాటకమూ లేదు.

హాలు నింపిన నాటకం 'అంగార్'. అంటే నిప్పు కణిక. ఆసన్‌సోల్ వైపు బొగ్గు గనుల కథ. గనిలో ప్రమాదం జరుగుతుంది, కార్మికులు లోపల చిక్కుకుపోతారు. మంట ఆరకపోతే బొగ్గు తగలబడిపోతుంది. బొగ్గుని కాపాడుకోవడానికి యజమానులు గనిలోకి నీళ్లు వదులుతారు, లోపల మనుషులున్నారని తెలిసే. కొత్తగూడెంలోనో రామగుండంలోనో బొగ్గుబాయిలోకి దిగే మనిషి ఇంట్లో పుట్టినవాళ్లకి ఈ కథ చెప్పి వివరించాల్సిన పనిలేదు. ఆఖరి దృశ్యంలో వేదిక మీద నీళ్లు మెల్లగా పైకొస్తాయి. మోకాళ్లు, నడుము, ఛాతీ, గొంతు. నిజానికి అక్కడ ఒక్క చుక్క నీరు లేదు. తాపస్ సేన్ వేసిన లైటింగ్ అది. రవిశంకర్ సంగీతం. కలకత్తా మొత్తం ఆ దృశ్యం చూడ్డానికి మినర్వాకి వచ్చింది.

అప్పుడే ఒక విమర్శ మొదలై చివరిదాకా ఆయన వెంటపడింది. జనం వస్తున్నది నాటకం కోసమా, లైటు మాయ కోసమా? ఇదంతా గారడీ కాదా? ఈ విమర్శలో కొంత నిజం ఉంది, కానీ ఎక్కువ భాగం పొరపాటు. 'మాయాబజార్'లో సురభివాళ్లు తీగల మీద మనుషుల్ని ఎగరేస్తే నోరెళ్లబెట్టి చూసిన ప్రేక్షకుడు తక్కువవాడేమీ కాదు. ఆశ్చర్యపోవడం కూడా ఒక రకమైన శ్రద్ధే. అయితే ఆ శ్రద్ధని ఎక్కడికి తీసుకెళ్తున్నారన్నదే ప్రశ్న. అంగార్‌లో ఆ మాయ వల్ల ప్రేక్షకుడికి కార్మికుడి ఊపిరి ఆగిపోవడం కళ్లారా కనిపించింది. పేపర్లో 'ఇంతమంది మృతి' అని చదివి పక్కన పడేసే వార్త, వేదిక మీద పది నిమిషాలు సాగింది. ఎంత పెద్ద ఉపన్యాసం ఇచ్చినా ఆ పని జరిగేది కాదు. లోపం వేరే చోట ఉంది. ఆ నాటకంలో కార్మికుడు బలవుతాడు తప్ప తిరగబడడు. ఏడ్చి ఇంటికెళ్లిన ప్రేక్షకుడికి చేయడానికేమీ మిగల్లేదు.

ఆ లోటుని 1965లో వచ్చిన 'కల్లోల్' తీర్చింది. 1946 ఫిబ్రవరి 18న బొంబాయిలో తల్వార్ అనే నౌకాదళ శిక్షణ కేంద్రంలో మొదలైన నావికుల తిరుగుబాటు దాని కథ. పురుగులు పట్టిన తిండి, తెల్ల అధికారుల తిట్లు భరించలేక మొదలైన సమ్మె రెండు మూడు రోజుల్లో కరాచీ, కలకత్తా, మద్రాసు, విశాఖపట్నం దాకా పాకింది. డెబ్బై ఎనిమిది ఓడలు, ఇరవై వేలమంది నావికులు. కాంగ్రెస్, ముస్లిం లీగ్ నాయకులు లొంగిపొమ్మని సలహా ఇవ్వడంతో 23వ తేదీకి అది ముగిసింది. స్వాతంత్ర్యం వచ్చాక ఈ కథకి పాఠ్యపుస్తకాల్లో పెద్దగా చోటు దొరకలేదు. దత్ దాన్ని మినర్వా వేదిక మధ్యలోకి లాక్కొచ్చారు. సురేశ్ దత్తా వేదిక మీద ఖైబర్ అనే ఓడనే కట్టేశారు. చరిత్రలో ఓడలు లొంగిపోయాయి. నాటకంలో ఖైబర్ లొంగిపోదు.

దీని మీద గొడవ రెండు వైపులా రేగింది. చరిత్ర మార్చేశారని కొందరు అన్నారు. ఆ ప్రశ్న తోసిపుచ్చదగింది కాదు. చరిత్రని తీసుకుని నాటకం రాసేవాడు ఓడిపోయినవాళ్లని గెలిపించవచ్చా? నావికులు లొంగిపోయింది పిరికితనంతో కాదు, వాళ్లని నమ్మించిన పెద్దల మాట మీద. ఆ సంగతి కల్లోల్ దాచిపెట్టలేదు, నిజానికి అదే దాని కోపం. లొంగని ఓడని చూపించడం ద్వారా 'లొంగకుండా ఉండే దారి కూడా ఉండేది కదా' అన్న ఆలోచన ప్రేక్షకుడిలో రేకెత్తించడం ఆయన ఉద్దేశం. అది చరిత్రకారుడు చేసే పని కాదు, నాటకకర్త చేయదగ్గ పనే. కానీ చరిత్రనీ కల్పననీ విడదీసి చూసుకునే బాధ్యత ప్రేక్షకుడి మీద పడింది. అందరూ దాన్ని మోయలేరు. 

ప్రభుత్వానికి మాత్రం ఈ చర్చతో పనిలేదు. అప్పుడు పశ్చిమ బెంగాల్లో కాంగ్రెస్ అధికారంలో ఉంది, నాటకంలో దెబ్బ తగిలింది ఆ పార్టీ నాయకత్వానికి. పెద్ద పత్రికలు కల్లోల్ ప్రకటనలు వేసుకోలేదు. ప్రకటన లేకపోతే జనం రారని లెక్క వేసి ఉంటారు. తాపస్ సేన్ ఒక పోస్టర్ తయారుచేశారు. 'కల్లోల్ చల్ఛే చల్బే', అంటే కల్లోల్ ఆడుతోంది, ఆడుతుంది. ఊళ్లో గోడలన్నిటి మీదా అదే. ఆ ఏడాది సెప్టెంబర్లో దత్‌ని అరెస్టు చేశారు, 1966లో గానీ విడుదల చేయలేదు. ఆయన బయటికొచ్చాక మైదానంలో విజయోత్సవం జరిగింది. నాటకం ఒకటి గెలిచిందని జనం సభ పెట్టుకోవడం మన దేశంలో తరచుగా జరిగేది కాదు.

ఆ తర్వాతి కొన్నేళ్లు ఆయన జీవితంలో అన్నిటికన్నా గందరగోళంగా గడిచాయి. 1967లో నక్సల్బరీ రైతు తిరుగుబాటు మీద 'తీర్' అనే నాటకం వేశారు. ఒకప్పుడు తనకి అండగా నిలిచిన మార్క్సిస్టు పార్టీతో తగాదా వచ్చింది. అజ్ఞాతంలోకి వెళ్లారు. బొంబాయిలో ఒక సినిమా షూటింగులో ఉండగా మళ్లీ అరెస్టయ్యారు. హామీ ఇచ్చి బయటికొచ్చారన్న విమర్శ తీవ్రవాద వామపక్షంలో చాలాకాలం వినిపించింది. కొన్నాళ్లకి ఆయనే నక్సలైట్ పంథా నుంచి దూరం జరిగి మళ్లీ పాత పార్టీకి దగ్గరయ్యారు. ఈలోపు లిటిల్ థియేటర్ గ్రూప్ చీలిపోయింది, మినర్వా చేజారింది. ఈ ఘట్టాన్ని వీరగాథగా చెప్పడం ఎంత తప్పో, ద్రోహంగా చెప్పడమూ అంతే తప్పు. ఊగిసలాటే అది. రాజకీయంలో ఆయన ఊగిసలాడారు, నాటకంలో మాత్రం ఊగిసలాడలేదు.

ఈ గందరగోళం మధ్యే ఆయన నడిచిన దారి కలకత్తా చిత్‌పూర్ రోడ్డుకి వెళ్లింది. జాత్రా కంపెనీల ఆఫీసులన్నీ అక్కడే. జాత్రా అంటే బెంగాలీ పల్లెల నాటకం. వేదిక చుట్టూ జనమే, తెరలు ఉండవు. పక్కనే వాద్యగాళ్లు కూర్చుంటారు. రాత్రంతా సాగుతుంది, వేలమంది నేల మీద కూర్చుని చూస్తారు. మన వీధి భాగవతం, యక్షగానం చూసినవాళ్లకి ఆ వాతావరణం తెలుసు. చదువుకున్న కలకత్తా వాళ్లకి జాత్రా అంటే చిన్నచూపు. గావు కేకలు, అతి నటన అని. దత్ 1968 నుంచి జాత్రాలు రాసి, దర్శకత్వం వహించారు. 'రైఫిల్', 'జలియన్‌వాలాబాగ్', 'ఢిల్లీ చలో', 'సన్యాసీర్ తరబారి'. రాజుల కథల స్థానంలో స్వాతంత్ర్య పోరాటం, రైతుల తిరుగుబాట్లు వచ్చాయి. రూపం మాత్రం అదే. పాట, యుద్ధం, కంటతడి, దుర్మార్గుడి వికటాట్టహాసం.

తెలుగువాళ్లకి ఇందులో ఒక పరిచయమైన జాడ ఉంది. ఇప్టాకి తెలుగు శాఖగా పనిచేసిన ప్రజానాట్యమండలి 1940ల్లోనే ఈ పని చేసింది. నాజర్ బుర్రకథని తీసుకుని దానిలో వర్తమాన రాజకీయం నింపారు. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు కలిసి రాసిన 'మా భూమి' నాటకం పల్లెపల్లెకీ వెళ్లింది, చివరికి మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. ఆ ఉద్యమం అణచివేతలో చెదిరిపోయి, అందులోని ప్రతిభ చాలావరకు మద్రాసు సినిమా స్టూడియోల్లోకి వెళ్లి స్థిరపడింది. దత్ తేడా అక్కడే. సినిమాలోకి వెళ్లారు గానీ నాటకం వదల్లేదు. పొద్దున బొంబాయి, సాయంత్రం కలకత్తా అన్నట్టుగా ఇరవై ఏళ్లు గడిపారు.

జర్మన్ నాటకకర్త బ్రెక్ట్ అంటే ఆయనకి చాలా గౌరవం. కానీ ప్రేక్షకుడిని కథలో మునగనివ్వకుండా మధ్యలో ఆపి ఆలోచింపజేసే బ్రెక్ట్ పద్ధతి మన జనానికి యథాతథంగా పనికిరాదని వాదించారు. మన ప్రేక్షకుడు ఏడవడానికి, నవ్వడానికి, కోపం తెచ్చుకోవడానికి వస్తాడు, వాటిని లాగేసుకుంటే లేచి వెళ్లిపోతాడు. ఈ వాదన బలమైందే. దానికో ధర కూడా ఉంది. దత్ రాజకీయ నాటకాలు, ముఖ్యంగా జాత్రాలు చదివితే, కొన్నిచోట్ల మనుషులు రెండే రంగుల్లో కనిపిస్తారు. అమరవీరుడు, లేకపోతే దుర్మార్గుడు. మధ్యలో ఊగే మామూలు మనిషి కనపడడు. రచయితగా అది ఆయన పరిమితి.

విచిత్రం ఏమిటంటే, రచయితగా చేయలేని పని నటుడిగా చేశారు.

ఆయన సినిమా పాత్రల్ని వరసగా పెట్టి చూస్తే ఒక సంగతి కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. అధికారం ఉన్నవాళ్లే ఎక్కువ. 'షేక్‌స్పియర్ వాలా'లో మహారాజు. 'భువన్ షోమ్'లో రైల్వే ఉన్నతాధికారి. 'అమానుష్'లో ఊరిని గుప్పిట్లో పెట్టుకున్న పెద్దమనిషి. 'గోల్‌మాల్'లో కంపెనీ యజమాని. 'జయ్ బాబా ఫేలూనాథ్'లో కాశీలో దొంగ సొత్తు వ్యాపారం చేసే మగన్‌లాల్ మేఘ్‌రాజ్. 'హీరక్ రాజార్ దేశే'లో వజ్రాల గనుల రాజు. 'పార్'లో జమీందారు. జీవితమంతా యజమానుల మీద, జమీందార్ల మీద, రాజుల మీద నాటకాలు రాసిన కమ్యూనిస్టు, తెర మీద వాళ్లనే వేశారు. వాళ్లని బయటినుంచి వెక్కిరించలేదు. లోపలికి వెళ్లి, వాళ్లకి ఏది ఇష్టమో, ఏది భయమో పట్టుకున్నారు.

మృణాల్ సేన్ 1969లో తీసిన భువన్ షోమ్ చూడాలి. షోమ్ భార్య చనిపోయిన మనిషి, రూలు తప్పితే కొడుకుని కూడా ఉద్యోగంలోంచి పీకేసే నిక్కచ్చి అధికారి. పిట్టల వేటకని గుజరాత్ పల్లెకి వెళ్తాడు. అక్కడ గౌరి అనే పల్లెటూరి పిల్ల పరిచయమవుతుంది. ఆమెకి కాబోయే మొగుడు లంచం పట్టిన టికెట్ కలెక్టరనీ, అతని మీద చర్య తీసుకోబోతున్నది తనేననీ తెలుస్తుంది. సినిమాలో పెద్ద సంఘటనలేమీ జరగవు. సూటు బూటులో ఎడ్ల బండి మీద కుదుపులకి కిందామీదా అయ్యే ఆ శరీరం, గేదెని చూసి పరుగెత్తే ఆ భయం, పల్లెటూరి బట్టలు కట్టుకుని పొదల్లో కూర్చున్నప్పుడు ముఖంలో మెల్లగా సడలే బిగువు, ఇదే కథ. చివర్లో ఆఫీసు గదిలో ఒంటరిగా ఉన్నప్పుడు ఆ మనిషి చిన్నపిల్లాడిలా చిందులేస్తాడు. కొత్త హిందీ సినిమాకి దారి వేసిన చిత్రమని దీన్ని అందరూ అంటారు, దత్‌కి జాతీయ ఉత్తమ నటుడి అవార్డు కూడా వచ్చింది. తీర్ గొడవలు, అరెస్టు, బృందం చీలిక, ఇవన్నీ జరిగిన కాలం కూడా ఇదే. బయట అంత టెన్షన్లో ఉన్న మనిషి తెర మీద అంత తేలిగ్గా ఎలా ఉండగలిగాడో అర్థం కావాలంటే కెండాల్ బృందం రోజులు గుర్తు చేసుకోవాలి.

మగన్‌లాల్ మేఘ్‌రాజ్ ఇంకో రకం. సత్యజిత్ రాయ్ తీసిన ఆ సినిమాలో మగన్‌లాల్ అతిథులకి షర్బత్ ఇప్పిస్తాడు, తియ్యగా మాట్లాడతాడు. మాట్లాడుతూనే, డిటెక్టివ్ పక్కనున్న భయస్థుడైన రచయితని బోర్డుకి ఆనించి నిలబెట్టి, ఒక ముసలి ఆటగాడి చేత కత్తులు విసిరిస్తాడు. దత్ గొంతు పెంచరు. ఎదుటివాడు వణుకుతుంటే ఆయన ముఖంలో కనిపించేది కోపం కాదు, వినోదం. పిల్లల సినిమా అనుకుని చూసిన పెద్దవాళ్లకి కూడా ఒళ్లు జలదరిస్తుంది.

1980లో వచ్చిన హీరక్ రాజుది అచ్చంగా జాత్రా పద్ధతి. మంత్రులతో అంత్యప్రాసల్లో మాట్లాడతాడు, బడులు మూయిస్తాడు, పన్ను కట్టలేని రైతుల్నీ ఎదురు మాట్లాడే కార్మికుల్నీ యంత్రంలో పెట్టి బుర్రలు కడిగిస్తాడు. ఎమర్జెన్సీ ముగిసి మూడేళ్లయింది. చూసేవాళ్లకి ఇంకేమీ చెప్పనక్కర్లేదు. ఆఖర్లో ఆ యంత్రం లోపలికి రాజే వెళ్లి, బయటికొచ్చి, తన విగ్రహాన్ని కూలదోసే తాడుని జనంతో కలిసి తనే లాగుతాడు. అప్పుడు దత్ ముఖంలో ఉన్న సంతోషం చూస్తే, ఆ రాజు మీద కోపం పోయి ఒక్క క్షణం జాలి కలుగుతుంది. నాటకాల్లో రెండు రంగులకే పరిమితమైన రచయిత, నటుడిగా ఒక నియంతకి మూడో రంగు వేశారు.

హృషీకేశ్ ముఖర్జీ సినిమాల్లోనూ అంతే. గోల్‌మాల్, 'నరం గరం', 'రంగ్ బిరంగీ' మూడింటికీ ఆయనకి హాస్యనటుడి అవార్డులొచ్చాయి. భవానీశంకర్ సంప్రదాయం పేరుతో ఉద్యోగుల వేషం, ఇష్టాలు, సాయంత్రాలు కూడా తన సొంతం అనుకుంటాడు. ఉద్యోగం కావాలంటే అబద్ధమాడక తప్పని నిరుద్యోగి కథ అది. అంగార్ యజమానికీ ఈయనకీ చుట్టరికం ఉంది. నవ్వులో పడి మనం గమనించం గానీ, దత్‌కి ఆ చుట్టరికం తెలియకుండా ఉండదు.

దర్శకుడిగా సినిమాల్లో మాత్రం ఆయన నిలబడలేకపోయారు. 'మేఘ్', 'ఘుమ్ భాంగార్ గాన్', 'ఝడ్', 'బైశాఖీ మేఘ్' లాంటివి తీశారు. ఇవాళ వాటిని గుర్తుపెట్టుకుని వెతుక్కుని చూసేవాళ్లు తక్కువ. వేదిక మీద ఆయన బలం ప్రేక్షకుడి ఎదురుగా ఉండి, అతని ఊపిరిని బట్టి దృశ్యాన్ని పెంచడం, తగ్గించడం. కెమెరా ముందు నటుడిగా ఆ బలం పనికొచ్చింది, ఎందుకంటే ఎదురుగా ఒక సేనో, ఒక రాయో ఉన్నారు. కెమెరా వెనకకి వెళ్తే ఎదురుగా ఎవరూ లేరు.

ఆయనతో పనిచేసిన దర్శకుల్లో ఇద్దరికి తెలుగుతో సంబంధం ఉంది. మృణాల్ సేన్ 1977లో 'ఒక ఊరి కథ' తీశారు. గౌతమ్ ఘోష్ తొలి కథాచిత్రమే తెలంగాణ సాయుధ పోరాటం మీద వచ్చిన 'మా భూమి'. ఘోష్ తర్వాత పార్‌లోనూ, 'పద్మా నదీర్ మాఝీ'లోనూ దత్‌కి పాత్రలిచ్చారు. ఈ రెండో దానిలో హొసేన్ మియా అనే వ్యాపారి, నది సముద్రంలో కలిసేచోట ఒక దీవి కొని, అప్పుల్లో కూరుకుపోయిన జాలర్లని అక్కడికి తరలిస్తుంటాడు. రక్షకుడా, వేటగాడా? దత్ చివరిదాకా తేల్చరు. అంతకుముందే, 1991లో రాయ్ ఆఖరి చిత్రం 'ఆగంతుక్'లో ఆయన అధికారం బొత్తిగా లేని మనిషిని వేశారు. ముప్ఫై ఐదేళ్ల తర్వాత మేనకోడలి ఇంటికి అతిథిగా వచ్చిన మన్మోహన్ మిత్ర. పాస్‌పోర్ట్ చూపించమని ఇంట్లోవాళ్లు అనుమానిస్తుంటే, నాగరికత అంటే ఏమిటో చెప్పమని వాళ్లనే అడుగుతాడు. ఆ గొంతులో అలసట, ఆటపట్టించే చిలిపితనం రెండూ ఉన్నాయి. 1993 ఆగస్టు 19న, అరవై నాలుగేళ్ల వయసులో, ఉత్పల్ దత్ కలకత్తాలో చనిపోయారు.

ఆయన రాసినవాటిలో ఒక్కటే చదవగలిగితే 'టినేర్ తల్వార్' చదవాలి. అంటే రేకు కత్తి. ఆయన కొత్తగా కట్టిన బృందం పీపుల్స్ లిటిల్ థియేటర్ 1971 ఆగస్టులో దాన్ని ఆడింది. కథాకాలం 1876, నాటకాల మీద బ్రిటిష్ ప్రభుత్వం ప్రదర్శనల నియంత్రణ చట్టం తెచ్చిన ఏడాది. బేణీమాధవ్ అనే నటుడు, నాటక సమాజం యజమాని, అర్ధరాత్రి తాగి వీధిలో పోస్టర్లు అంటిస్తుంటాడు. మురుగు కాలవ మూత లేచి, లోపల్నుంచి దాన్ని శుభ్రం చేసే మనిషి పైకొస్తాడు. బేణీమాధవ్ తన నాటకం గురించి గొప్పగా చెబుతాడు. రాజులు, యువరాజులు, కత్తి యుద్ధాలు. ఆ మనిషికి అవేమీ అక్కర్లేదు. రేకు కత్తులు పట్టుకుని రాజుల వేషాలెందుకు, మా గురించి వేయరాదా అని అడుగుతాడు.

దత్ బేణీమాధవ్‌ని మంచివాడిగా రాయలేదు. సొంత థియేటర్ కోసం, తను వీధిలోంచి తెచ్చి నటిగా తీర్చిదిద్దిన అమ్మాయిని ఒక డబ్బున్న బాబుకి అప్పగించేస్తాడు. దేశభక్తి నాటకం ఆడమని కుర్ర రచయిత బతిమాలితే, చట్టానికి భయపడి వద్దంటాడు. పైన చెప్పుకున్న రెండు రంగుల లోపం ఈ నాటకంలో లేదు. తన వృత్తి గురించి, తన రాజీల గురించి రాసినప్పుడు దత్ కలం మారిపోయింది. హాలు నిండాలి, జీతాలివ్వాలి, పోలీసులు రాకూడదు, ఈ లెక్కలన్నీ మినర్వాలో ఆయన రోజూ వేసుకున్నవే.

చివరి దృశ్యంలో హాస్య నాటకం నడుస్తుంటుంది. ప్రేక్షకుల్లో కూర్చున్న ఇంగ్లీషు పోలీసు అధికారిని బేణీమాధవ్ చూస్తాడు. ఆడుతున్న పాత్రని మధ్యలో వదిలేసి, ఆడనని తనే పక్కన పెట్టిన నాటకంలోని తీతూమీర్ మాటలు అందుకుంటాడు. బ్రిటిష్ వాళ్ల మీద తిరగబడ్డ రైతు నాయకుడు తీతూమీర్. తోటి నటులు ముందు బిత్తరపోయి, తర్వాత ఒక్కొక్కరే ఆయన వెనక చేరతారు. 1971లో ఆ పాత్ర వేసి, ఆ రేకు కత్తి ఎత్తింది ఉత్పల్ దత్తే.